కన్ను లేని హంస

మరణశిక్ష చదివి వినిపించే మనిషికి కనీసం చదవడం వచ్చి ఉండాలి. కర్నల్ బ్రాంకోకు అదీ రాదు.

"నాయక్ షావన్ కూమర్!" అన్నాడు గడ్డం కెమెరా వైపు ఎత్తి. "మా ద్వీప రిపబ్లిక్ సైనిక న్యాయస్థానం నిన్ను గూఢచారిగా నిర్ధారించింది. ఈ సాయంత్రం సరిగ్గా నాలుగు గంటలకు నిన్ను కాల్చి చంపుతారు."

నాయక్ శ్రవణ్ కుమార్‌కు నవ్వొచ్చింది. పళ్లు బిగించి ఆపుకున్నాడు. గద్వాలలో బడికిపోయే పిల్లలు కూడా తన పేరును ఇంతకన్నా బాగా చదువుతారు. పైగా ఆ యూనిఫారం! పతకాలన్నీ ఎడమ వైపు కాకుండా కుడి వైపు తగిలించుకున్నాడు. నాలుగో పతకం ఏదో ఈత పోటీలో ఇచ్చింది. ఇలాంటి వాడి చేతిలో చావాలా అని శ్రవణ్‌కు ఒళ్లు మండింది.

ద్వీపం లేదు. న్యాయస్థానం లేదు. వెనక కనిపిస్తున్న కోట గోడ గుడ్డ మీద వేసిన రంగు. తాను కూర్చున్నది టెంట్ హౌస్ ప్లాస్టిక్ కుర్చీ, దానిపైన ఎర్ర గుడ్డ కప్పారు. రెండు చేతులూ కుర్చీ చేతులకు నైలాన్ తాడుతో కట్టారు. వేళ్లు మాత్రం వదిలేశారు.

వేళ్లతో ఏం చేస్తాడులే అనుకున్నారు. తెలివి అంతవరకే పనిచేసింది వాళ్లకు.

కెమెరా వెలిగినప్పటి నుంచీ శ్రవణ్ కుడిచేతి వేళ్లు కుర్చీ మీద తడుతూనే ఉన్నాయి. ఒకటి. మూడు. ఐదు. ఏడు.

రెండున్నర నిమిషాల ఆ వీడియో ఉదయం తొమ్మిదిన్నరకు ప్రపంచమంతా పాకింది.

*

ఢిల్లీలో చీఫ్ దశరథం, అంటే మన రహస్య విభాగానికి పెద్ద, ఆ వీడియో చూసి మొదట చేసిన పని కాఫీ చెప్పడం. రెండో పని ఏజెంట్ నీలవేణికి కబురు పెట్టడం. ఆ కబురు కూడా తిన్నగా పోలేదు. నీలవేణి ఉండేది వనపర్తి జిల్లా ఆత్మకూరులో. మనిషి వెళ్లింది కృష్ణ అవతల ఉన్న ఆత్మకూరుకు. ఢిల్లీకి తెలిసింది ఒకటే ఆత్మకూరు మరి. అక్కడ కూడా బస్టాండు పక్కన ఒక జిరాక్స్ షాపు ఉంది. "రంగు జిరాక్స్ ఉన్నదా?" అని కోడ్ మాట అడిగితే, పాపం ఆ షాపాయన "ఉంది, పేజీకి పది" అన్నాడు. గంటన్నర వృథా.

చివరికి పదకొండున్నరకు అసలు నీలవేణికి శాటిలైట్ ఫోన్ మోగింది.

నీలవేణికి నలభై మూడేళ్లు. ఆరేళ్లుగా ఆత్మకూరు బస్టాండు దగ్గర జిరాక్స్, లామినేషన్ షాపు నడుపుతోంది. అది ఆమె కవర్. దేశానికి చేసిన సేవ కన్నా ఆధార్ కార్డులకు చేసిన సేవే ఎక్కువ. ఒకప్పుడు మూడు దేశాల్లో పనిచేసిన ఏజెంట్. చీఫ్ మాట ఒకసారి కాదన్నందుకు ఇక్కడ పడింది.

"సార్."

"వీడియో చూశావా?"

"చూసిన సార్. మన కమాండోలు?"

"బయల్దేరారు. నేవీ షిప్‌లో. ద్వీపానికి తొమ్మిది వందల కిలోమీటర్ల దూరంలో ఉన్నారు."

"నాలుగు గంటలకు చేరుతరా?"

"చేరరు." గొంతులో చిన్న ఇబ్బంది కూడా లేదు. "సాయంత్రం ఐదింటికి ఆ దేశంతో మనకు రక్షణ ఒప్పందం. ఇతన్ని చంపితే అది గోవింద. వాళ్లేమో మాకు సంబంధం లేదంటున్నారు."

"వాళ్లు చెప్పింది నిజమైతే? ఇది కోబాల్ట్ రింగ్ ముఠా పని కావచ్చు కద సార్. ఒప్పందం చెడితే ఆయుధాలు అమ్ముకునేది వాళ్లే."

"వర్ష వీడియోను వెరిఫై చేసింది. వెలుతురు కోణం, నీడల పొడవు, అన్నీ ద్వీపానివే. నీ పని అది కాదు. గద్వాల పో. అతని తల్లి దగ్గర కూర్చో. మీడియా ముందు ఏడవకుండా చూడు. వర్ష కూడా అక్కడికే వెళ్లింది, ఆమె చెప్పినట్టు విను."

ఇదీ అసైన్‌మెంట్. ఒక సైనికుడిని నాలుగున్నర గంటల్లో కాల్చబోతుంటే, డిపార్ట్‌మెంట్‌లోకెల్లా పనికొచ్చే మనిషికి అప్పజెప్పిన పని: ముసలమ్మ కన్నీళ్లు తుడవడం. నీలవేణి ఫోన్ పెట్టేసి ఒక మాట అంది. ఆ మాట ఇక్కడ రాయడానికి లేదు.

సొరుగులోంచి రివాల్వర్ తీసుకుంది. హెడ్ ఆఫీసు పంపిన గాడ్జెట్ పెన్ను కూడా తీసుకుంది. నొక్కితే మత్తు సూది వస్తుందని చెప్పారు. ఇప్పటివరకు సిరా తప్ప ఏమీ రాలేదు. పాత లామినేటెడ్ ఐడీ కార్డుల సంచీ భుజాన వేసుకుని, షట్టర్ దించి, జూరాల డ్యామ్ మీదుగా గద్వాలకు బొలెరో తోలింది.

*

"ఊట తెచ్చిన సార్," అన్నాడు నాగప్ప అన్నం పళ్లెం చూపిస్తూ.

నాగప్ప శ్రవణ్‌ను కట్టేసిన షెడ్డుకు వాచ్‌మన్. రాయచూరు వైపు మనిషి, మాటల్లో కన్నడం దొర్లుతుంది. సిటీ నుంచి వెబ్ సిరీస్ వాళ్లు వచ్చారని, షెడ్డు నెలరోజులు కిరాయికి తీసుకున్నారని, తెల్లవాళ్లు విలన్‌లని అతనికి చెప్పారు. లైట్లు పట్టే ఇద్దరు కుర్రాళ్లకూ అదే చెప్పారు. వాళ్లు హాయిగా నమ్మారు. ఎందుకు నమ్మరు? తుపాకులు, మేకప్, గుడ్డ మీద కోట.

"నాగప్పన్నా," అన్నాడు శ్రవణ్ అన్నం ముద్ద నోట్లో పెట్టించుకుంటూ, "నేను యాక్టర్‌ను కాదు. మిలిటరీవాణ్ణి. వీళ్లు నన్ను నిజంగా చంపుతరు. పోలీసులకు చెప్పు."

"హౌదు సార్," నాగప్ప అవునన్నట్టు తలూపాడు, "మస్తుగ చెప్పిన్రు. నిన్నటి కన్న ఇయ్యాల ఇంక బాగొచ్చింది డైలాగు."

శ్రవణ్ కళ్లు మూసుకున్నాడు. మూడు వారాలుగా ఇదే వరస. ఈ మనిషిని తిట్టాలో మొక్కాలో తెలియట్లేదు. కానీ దొరికిన సమాచారమంతా ఇతని నోటి నుంచే దొరికింది.

మూడు వారాల కింద సెలవు అయిపోయి డ్యూటీకి పోతుంటే రైల్లో ఎవరో మత్తు కలిపిన టీ ఇచ్చారు. కళ్లు తెరిచేసరికి ఇక్కడ. కళ్లకు గంతలు తీశాక చుట్టూ మామిడి వాసన. మూలన పేర్చిన పెట్టెలన్నిటి మీదా హంస బొమ్మ. "గేటు మీద గూడ అదే హంస సార్, పాత సేటు పెట్టించిండు. కొల్లాపూర్ల ఇంత పెద్ద హంస ఇంకోటి లేదు," అని నాగప్ప తొలిరోజే గొప్పగా చెప్పాడు. తర్వాత రింగువాళ్లు ఆ పెట్టెల ముందు కోట గుడ్డ కట్టేశారు.

ఇంటికి వంద కిలోమీటర్లు కూడా లేదు. ఎత్తుకొచ్చిన మనిషిని ఇంటి పక్కనే దాచి, ద్వీపంలో ఉన్నాడని లోకానికి చెప్పే ధైర్యం ఈ వెధవలకు ఎలా వచ్చిందో! పట్టుకునేవాళ్లు కూడా వెధవలే అన్న నమ్మకం కాబోలు. ఆ నమ్మకం తప్పని రుజువు చేసేవాళ్లు ఎవరైనా ఉన్నారా?

ఒక్కరున్నారు. ఆమెకు చదువు రాదు. వీడియో ఆమె కంటపడాలి, అంతే. పడకపోతే నాలుగు గంటలకు ఈ ఈత పోటీ కర్నల్ చేతిలో చావాలి.

*

గద్వాల కోట వెనక సందులో శ్రవణ్ తల్లి భీమమ్మ ఇల్లు. ముందు గదిలోనే గుంట మగ్గం. యాభై ఎనిమిదేళ్ల భీమమ్మ మగ్గం పక్కన నేల మీద కూర్చుని ఉంది. ఏడవట్లేదు. ఎదురుగా కుర్చీలో ఢిల్లీ ఏజెంట్ వర్ష.

వర్షను చూడగానే ఎవరైనా రెండోసారి చూస్తారు. ఆ సంగతి వర్షకు బాగా తెలుసు. నల్ల కళ్లద్దాలు, సెంటు, మెడలో ఒకే ఒక్క ముత్యం, ఒంటి మీద నెమలిపింఛం రంగు గద్వాల చీర. చావింటికి ముందే వచ్చి కూర్చున్న మనిషిలా లేదు, పెళ్లికొచ్చినట్టుంది.

"వీడియో ఆవిడకు చూపించకు," అంది వర్ష నీలవేణితో మెల్లగా. "ట్రామా. ట్రాన్స్‌క్రిప్ట్ నేనే చదివి వినిపించాను. నాలుగింటి దాకా శాంతంగా ఉంచితే చాలు."

"మంచి చీర మేడం. ఇక్కడిదేనా?"

"ఢిల్లీలో ఎగ్జిబిషన్‌లో కొన్నాను. దీన్ని కుట్టు చీర అంటారు తెలుసా? బార్డర్ చూడు, టైలర్ ఎంత నీట్‌గా కుట్టాడో."

భీమమ్మ తల ఎత్తి చూసింది. నీలవేణి పెదవి కొరుక్కుంది. గద్వాల చీరలో కుట్టు అంటే సూదితో కుట్టడం కాదు, నూలు ఒంటినీ పట్టు అంచునూ పోగు పోగున మగ్గం మీదే కలిపేయడం. అది తెలియనివాళ్లు కోట్లమంది ఉంటారు, తెలియకపోవడం నేరం కాదు. తెలిసినట్టు మాట్లాడటమే ఒళ్లు మండించేది.

వర్ష ఫోన్ మోగింది. మాట్లాడుతూ బయటికి పోయింది. ఆమె గడప దాటగానే భీమమ్మ నీలవేణి చెయ్యి పట్టుకుంది.

"బిడ్డా, నా కొడుకును నాకు చూపియ్యి. నీ కాల్మొక్త."

"చూడగలవా పెద్దమ్మా?"

"కన్నదాన్ని. చూడలేనా?"

నీలవేణి ఫోన్ ఆమె చేతిలో పెట్టింది. భీమమ్మ కొడుకు ముఖం వైపు ఒక్క క్షణమే చూసింది. తర్వాత ఆమె చూపు కిందికి జారింది, కుర్చీ చేతి మీదికి. పెదవులు కదలడం మొదలైంది.

"ఒకటి... మూడు... ఐదు... ఏడు... ఏడు... ఐదు... రెండు... ఒకటి." ఆగింది. కళ్లు పెద్దవయ్యాయి. "గిదేంది! మామిడి పింద ఎత్తుతుండు!"

"ఏందమ్మా?"

"చీరల పింద బొమ్మ రావాలంటె ఏ వరుసల ఎన్ని పోగులు ఎత్తాల్నో లెక్కుంటది బిడ్డా. నేను గుంటల కూసొని 'ఎత్తు' అంటె వాడు పక్కన కూసొని పోగులు ఎత్తేది, 'దించు' అంటె దించేది. ఎనిమిదేండ్ల వయసు సంది మిలిటరీకి పొయ్యేదాక వాడే ఎత్తిండు. ఇది మా ఇంటి లెక్క. ఊళ్లె ఇంకెవ్వరికి తెల్వదు."

ఢిల్లీలో ఏడు కంప్యూటర్లు ఆ వేళ్లను మోర్స్ కోడ్‌తో పోల్చి చూసి, 'భయం వల్ల వణుకు' అని రిపోర్టిచ్చాయి. దానికింద సంతకం వర్షది.

"తర్వాత ఏముంది పెద్దమ్మా?"

"రెండు, ఒకటి, ఒకటి, ఒకటి... ఇది హంస. మూతి, మెడ. ఆరు... తొమ్మిది..." భీమమ్మ నుదురు ముడిపడింది. "ఈడ జర తప్పిండు. అయినా హంసనే. పింద, హంస. మల్ల పింద, హంస. గదే."

మామిడి. హంస. నీలవేణి బుర్రలో కొల్లాపూర్ రోడ్డు మెదిలింది. తోటల మధ్య మూతపడ్డ పాత మామిడి ప్యాకింగ్ షెడ్డు, గేటు మీద సిమెంటు హంస. ఆ హంస పక్కన నిలబడి తీసుకున్న ఫొటోలు ఆమె షాపులో ఎన్నిసార్లు ప్రింటయ్యాయో లెక్కలేదు.

"ఇంకోటి చెప్త," అంది భీమమ్మ. ఈసారి గొంతు మారింది, గుసగుసలో కోపం బుసకొట్టింది. "గామె కట్టింది నా చీర."

"నీ చేతి చీరలు ఢిల్లీల గూడ అమ్ముతరు కద?"

"అమ్మిన చీర కాదు. వాళ్ల పెద్దాఫీసరు భార్యకు ఇయ్యమని నా కొడుకు సంచిల పెట్టి పంపిన చీర. కొంగు చూడు. ఆఖరి హంసకు కన్ను లేదు. దిష్టి తగలొద్దని ఏ చీరకైన ఆఖరి హంసకు నేను కన్ను పెట్ట. నెమలిపింఛం రంగుల ఈ ఏడు నేను నేసింది ఒక్కటే."

నీలవేణి గుమ్మంలోంచి చూసింది. వర్ష వీధిలో నిలబడి ఫోన్‌లో నవ్వుతోంది. కొంగు గాలికి కదులుతోంది. బంగారు హంసల వరుసలో చిట్టచివరిది గుడ్డిది.

డబుల్ ఏజెంట్! ఎనిమిది భాషలు వచ్చు, నాలుగు పాస్‌పోర్టులు ఉన్నాయి, చీఫ్ దశరథం నెత్తిన పెట్టుకుని తిరుగుతాడు. అంతటి మనిషి చంపబోయేవాడి సంచీలోంచి చీర కాజేసింది. కాజేసి, అది నేసిన మనిషి ఇంటికే కట్టుకొచ్చింది. గూఢచారులకు ఇంతకన్నా సిగ్గుచేటు ఇంకోటి ఉండదు.

వర్ష లోపలికొచ్చింది. భీమమ్మ ముఖంలో ఏమీ లేదు.

"బిడ్డా, నా చీరను గంత ముద్దుగ కట్టుకున్నవ్. మగ్గంల కూసొని ఒక్క ఫోటో దిగరాదు? నా కొడుకు గుర్తుకు."

ఫోటో అనగానే వర్ష ముఖం విప్పారింది. 'నా చీర' అన్న మాట చెవిన పడనే లేదు. కళ్లద్దాలు సర్దుకుని, కాళ్లు గుంటలోకి దించి కూర్చుంది. నీలవేణి "జర నవ్వండి మేడం" అంటూ వంగి, ఆమె చేతిని మగ్గం కొయ్యకు బేడీ వేసేసింది. రెండో చేతిలోంచి ఫోన్ లాక్కుంది. అరవబోయిన నోట్లో భీమమ్మ నూలు ఉండ కుక్కింది. మొత్తం పని నాలుగు సెకన్లలో అయిపోయింది.

వర్ష వేలితోనే ఫోన్ తెరిచింది నీలవేణి. బ్రాంకోకు గంటగంటకూ ఒకటే మెసేజ్: 'చీర బాగుంది.' అంటే అంతా సవ్యం. అటునుంచి చివరిది: 'షూట్ నాలుగింటికి. లోకల్ కుర్రాళ్లకు అనుమానం రాలేదు.'

నీలవేణి చీఫ్‌కు ఫోన్ చేసింది. చెప్పిందంతా విని ఆయన నిట్టూర్చాడు.

"మామిడి పింద? హంస? నీలవేణీ, ఎండలు ఎక్కువగా ఉన్నాయా అక్కడ? వర్ష మీద నిందలా? లిఖితపూర్వకంగా పంపు, రేపు చూద్దాం."

"రేపు వాడు ఉండడు సార్."

"పర్మిషన్ లేదు. దటీజ్ ఆల్."

పోలీసు జీపు సైరన్ వినపడితే మొదటి గుండు శ్రవణ్‌కే. వెళ్తే చప్పుడు కాకుండా వెళ్లాలి. వర్ష ఫోన్‌లోంచి నీలవేణి బ్రాంకోకు మెసేజ్ కొట్టింది: 'చీర బాగుంది. ఖైదీ ముఖం మీద దెబ్బలు కెమెరాలో కనపడుతున్నాయి. మేకప్ మనుషులను పంపుతున్నా.'

నిమిషంలో జవాబు: పైకెత్తిన బొటనవేలు.

"పెద్దమ్మా, మేకప్ వేయొస్తదా?"

"పౌడర్ డబ్బ ఉన్నది," అంది భీమమ్మ లేస్తూ.

*

ఎర్రవల్లి, బీచుపల్లి వంతెన, పెబ్బేరు. బొలెరో ముల్లు నూరు కిందికి దిగలేదు. దారిపొడుగునా భీమమ్మ ఒళ్లో పౌడర్ డబ్బా పట్టుకుని కూర్చుంది. ఒక్కసారి "టైమెంత?" అంది.

మూడు నలభైకి హంస గేటు ముందు ఆగారు. నీలవేణి మెడలో 'అసోసియేట్ డైరెక్టర్' అన్న లామినేటెడ్ కార్డు వేలాడుతోంది. కిందటేడు ఎవరో కుర్రాడు చేయించుకుని తీసుకుపోని కార్డు అది. ఫొటో మాత్రం మార్చింది.

"మేకప్," అంది నాగప్పతో.

"రండి మేడం, రండి. క్లైమాక్స్ ఇయ్యాల్నే."

లోపల కిటికీలు లేవు. మామిడి మాగబెట్టే షెడ్డు, తలుపేస్తే చిమ్మచీకటి. రెండు పెద్ద లైట్లు కుర్చీ మీద పడుతున్నాయి. లైట్ల పక్కన ఇద్దరు కుర్రాళ్లు. ముసుగులేసుకున్న ఇద్దరు తుపాకీవాళ్లు. మధ్యలో కర్నల్ బ్రాంకో అద్దంలో మీసం చూసుకుంటున్నాడు. వచ్చిన ఇద్దరు ఆడవాళ్లను ఒక్కసారి కూడా సరిగ్గా చూడలేదు. చీర కట్టుకున్న నల్లటి ముసలామె అతని లెక్కలో మనిషే కాదు.

భీమమ్మ కుర్చీ దగ్గరికి నడిచింది.

శ్రవణ్ తలెత్తాడు. తల్లి ముఖం. మూడు వారాలుగా వీళ్లను చూసి అసహ్యించుకున్నాడే గానీ భయపడలేదు. ఇప్పుడు భయమేసింది. తన కోసం కాదు. అమ్మ ఈ తుపాకుల మధ్యకు వచ్చింది.

భీమమ్మ డబ్బా తీసి కొడుకు ముఖానికి పౌడర్ పూయసాగింది. చెంప మీది కమిలిన చోట చెయ్యి ఒక క్షణం ఎక్కువ ఆగింది. పెదవుల మీద మగ్గం పాట, సన్నగా, ఎవరికీ పట్టని గొణుగుడులా.

"ఒకటి ఎత్తు... మూడు ఎత్తు... చీకటైతది బిడ్డా... నేను దించు అంటె దించు..."

రెండో చెయ్యి కుర్చీ చేతి కిందికి పోయింది. చీకటి గుంటలో నలభై ఏళ్లు తెగిన పోగులు అతికిన వేళ్లకు నైలాన్ తాడు ముడి ఎంత పని? కుడిచేతి కట్టు సడలింది.

అవతల నీలవేణి లైట్ల కుర్రాళ్ల దగ్గరికి పోయింది. "తమ్ముడూ, సర్‌ప్రైజ్ షాట్ ఉంది. నేను 'కట్' అంటె రెండు లైట్లు ఆర్పాలె. 'లైట్స్' అంటె ఆ తుపాకోళ్ల మొహాల మీదికి తిప్పి వెలిగించాలె."

"డైరెక్టర్ సార్‌కు ఎర్కనా అక్కా?"

"సర్‌ప్రైజే ఆయనకు."

కుర్రాళ్లకు నచ్చింది.

"చాలు, చాలు, వెరీ నేచురల్," అంటూ బ్రాంకో భీమమ్మను పక్కకు నెట్టాడు. భీమమ్మ పడబోయి నిలదొక్కుకుంది. నీలవేణి సంచీలో చెయ్యి పెట్టింది.

నాలుగు. కెమెరా మీద ఎర్రదీపం వెలిగింది. లైవ్. ఢిల్లీలో, ఆ ద్వీపంలో, లక్షల ఫోన్లలో శ్రవణ్ ముఖం.

"చివరి మాట ఏమైనా ఉందా?" అన్నాడు బ్రాంకో.

"పతకాలు ఎడమ దిక్కు పెట్టుకోవాలె," అన్నాడు శ్రవణ్.

బ్రాంకోకు అర్థం కాలేదు. గంభీరంగా తల ఊపి చెయ్యెత్తాడు. తుపాకులు లేచాయి.

"వన్..."

నీలవేణి సంచీలోంచి రివాల్వర్ బయటికి తీసింది.

"టూ..."

"కట్!"

లైట్లు ఆరిపోయాయి. షెడ్డు మొత్తం నల్లబడింది. ఆ నలుపులో ఒక తల్లి గొంతు ఖంగుమంది.

"దించు!"

ఎనిమిదేళ్ల వయసు నుంచి ఆ మాటకు ఆలోచించకుండా కదిలిన ఒళ్లు అది. శ్రవణ్ కుర్చీతో సహా పక్కకు ఒరిగి నేల కరిచాడు. తుపాకులు పేలాయి. అతని తల ఉండాల్సిన చోటు మీదుగా గుండ్లు పోయాయి, వెనక కోట గుడ్డ తాడు తెగింది.

"లైట్స్!"

రెండు వేల వాట్ల వెలుతురు ముసుగుల కళ్లలో పడింది. నీలవేణి రివాల్వర్ ఒక్కసారే పేలింది, ఒకడి చేతిలోంచి తుపాకీ ఎగిరిపోయింది. రెండోవాడు కళ్లు నులుముకుంటుంటే లైట్ల కుర్రాడు "అన్నా, గోడకు రంధ్రం పడ్డది! నిజం తుపాకి!" అని అరిచి, స్టాండుతో వాడి నెత్తి మీద ఒకటి వేశాడు. బ్రాంకో తలుపు వైపు పరుగెత్తాడు. తలుపులో నాగప్ప అడ్డంగా నిలబడ్డాడు.

"అంటే మూడు వారాల సంది ఆ సారు చెప్పింది నిజమేనా? నాకు అబద్ధం చెప్పి నా చేత ఊట పెట్టిస్తివా?" అని బ్రాంకోను కిందపడేసి, తొంభై కిలోల నాగప్ప వాడి వీపు మీద కూర్చున్నాడు. అవమానం గట్టిగా తగిలింది ఆయనకు.

లైవ్ ఇంకా నడుస్తూనే ఉంది. కోట గోడ జారి పడిపోయింది. దాని వెనక వరుసగా పేర్చిన పెట్టెలు, ఒక్కొక్కదాని మీద హంస, కింద పెద్ద అక్షరాలతో తెలుగులో 'కొల్లాపూర్ మామిడి'. ద్వీప రిపబ్లిక్ సైనిక న్యాయస్థానం అంతటితో రద్దయింది. ఐదింటికి ఒప్పందం మీద సంతకాలు జరిగాయి.

నాలుగూ పదికి చీఫ్ దశరథం ఫోన్ చేశాడు. "నీలవేణీ! అద్భుతం! వర్ష మీద నాకు మొదటి నుంచీ అనుమానమే." నీలవేణి ఫోన్ తీసి గాడ్జెట్ పెన్ను పక్కన సంచీలో పడేసింది. సంచీ నిండా సిరా కారి ఉంది.

నేల మీద భీమమ్మ కొడుకు తలను ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. ఎడమచేతి ముడి కూడా విప్పింది. ఇప్పుడు ఏడ్చింది. పొద్దుటి నుంచి ఆపుకున్నదంతా ఒక్కసారిగా ఏడ్చింది. పౌడర్ ముఖంతో శ్రవణ్ కూడా ఏడ్చాడు. నీలవేణి అటు తిరిగి నిలబడింది. చీఫ్ అప్పజెప్పిన పని అదొక్కటే, కన్నీళ్లు ఆపడం. ఆ పని ఆమె చేయలేదు.

కాసేపటికి భీమమ్మ కొంగుతో ముక్కు తుడుచుకుంది.

"అదంత మంచిదే గాని, హంస కడుపుల ఎనిమిది ఎత్తాల్సిన కాడ తొమ్మిది ఎత్తినవ్. గంత లావు హంస ఏడన్న ఉంటదారా?"

"నేనేం చేయాల్నమ్మా? సరిగ్గ గప్పుడే గాడిద నా పేరు చదివిండు. షావన్ కూమర్ అన్నడు. నవ్వాపుకుంటుంటే ఒక పోగు ఎక్కువ పడ్డది."

భీమమ్మ నాగప్ప కింద నలుగుతున్న కర్నల్ వైపు తిరిగి, మనిషిని మొదటిసారి పైనుంచి కిందిదాకా చూసింది.

"సంపేటోడు సంపక, నా కొడుకు పని చెడగొడుతడా!" అంది.